పేరు దాచిన మిఠాయి

పండుగలకు మనము చేసికొను పిండివంటలలో పొయ్యి ముట్టింపనక్కఱ లేనివి కొన్ని కలవు. చలిమిడి, చిమ్మిలి, వడపప్పు, పానకము మొదలగునవి అట్టివి. నాగులచవితికి చలిమిడియు చిమ్మిలియు, శ్రీరామనవమికి పానకమును వడపప్పును చేయని యిల్లు మనలో అరుదు. వీనికి నూనె మూకుడు వలదు. పాకము ముదిరిపోవునను భయము లేదు. మాడుననియు, పొంగదనియు దిగులు లేదు. కావున ఇవి మిక్కిలి సులభమైనవని మనమందఱము తలంతుము. నేనును అట్లే తలంచుచుంటిని. కాని, వండని మిఠాయి చేయువారికి వండువారికంటె హెచ్చైన బాధ్యత యొకటి కలదని గడచిన క్రిస్మసు పండుగనాళ్ళలో నాకు తెలియవచ్చినది. తెలియవచ్చిన విధము చెప్పుకొనుటకు సిగ్గుగానే యున్నది. అయినను నావంటి గృహిణి మఱియొకతె అదే పొరపాటు చేయకుండవలెనని చెప్పుచున్నాను.

మా కాపురము సికింద్రాబాదులో మెట్టుగూడ వైపున. మావారు పాఠశాలలో లెక్కలు చెప్పుదురు. మా ప్రక్కయింట ఒక ఆంగ్లో ఇండియను వృద్ధురాలు ఒంటరిగా నున్నారు. ఆమె భర్త రైల్వేలో ఇంజను నడిపి, పింఛను పుచ్చుకొన్న పిదప గతించిరి. బిడ్డలు ఆస్ట్రేలియాలో స్థిరపడిరి. మా వీధివారమందఱము ఆమెను ఆంటీ యనియే పిలుతుము. ఆమె మనవలెనే తెలుగు మాటలాడుదురు. సంక్రాంతికి మా యింటి అరిసెలు ఆమెకును, క్రిస్మసుకు ఆమె యింటి కేకు మాకును ఇచ్చిపుచ్చుకొనుట పదేండ్లనుండి జరుగుచున్నది. మా అత్తగారు కోడిగ్రుడ్డు తాకరని యెఱిగి, ఆమె గ్రుడ్డు లేని కేకు వేఱుగా చేసి, డబ్బా మూతపై ఆ సంగతి వ్రాసి మఱీ పంపుదురు.

అక్టోబరు నెల వచ్చుసరికి ఆంటీ యొక పెద్ద గాజు జాడీలో ఎండుద్రాక్ష, చక్కెర పట్టిన నారింజ తొక్కలు వేసి, అవి మునుగువఱకు రమ్ము పోసి మూత బిగింతురు. రెండు నెలలు అవి అందులో నానును. డిసెంబరులో వానితో కేకులు చేయుదురు. కేకులు కోయునపుడు రాలిన పొడియు, అంచుల ముక్కలును ప్రోగుచేసి, చాలనిదానికి బిస్కత్తుల పొడి చేర్చి, రమ్ము పోసి ఉండలు చుట్టుదురు. వీనినే రమ్ము బాల్సు అందురు. వీనికి మరల పొయ్యితో పని లేదు. డెన్మార్కు, జర్మనీ దేశముల రొట్టెల దుకాణములలోను మిగిలిన కేకును పాఱవేయక ఇట్లే ఉండలు చేయుట కలదు. మిగిలినదానిని వ్యర్థము చేయరాదను గృహిణి బుద్ధి అన్ని దేశములందును ఒక్కటియే కదా!

గడచిన యేడు డిసెంబరు 23వ తేదీని ఆంటీ నన్ను పిలిచి, "చేతులు వణుకుతున్నాయమ్మా, ఈసారి ఉండలు నువ్వు చుట్టిపెట్టాలి" అనిరి. సున్నుండలు చుట్టిన చేతికి ఆ పని క్రొత్త గాదు. 250 గ్రాముల పొడికి 100 గ్రాముల చక్కెర పొడి, 25 గ్రాముల కోకో పొడి, 100 గ్రాముల అక్రోటు పలుకులు, రెండు చెంచాల తేనె చేర్చితిమి. పిదప ఆంటీ సీసా వంచిరి. లెక్కల మాస్టరుగారి భార్యను గనుక కొలత చూచు అలవాటు నాకు కలదు. 100 మిల్లీలీటర్లు పట్టినది. సరిగా 30 ఉండలు వచ్చినవి. వానిని కోకో పొడిలో దొర్లించి మూతపెట్టితిమి. రెండు మూడు దినములట్లు ఉంచినగాని రుచి కుదరదని ఆంటీ చెప్పిరి. దాచనేల, నేనొకటి నోట వేసికొని చూచితిని. మిక్కిలి బాగుండెను.

నేను వచ్చునపుడు ఆంటీ 12 ఉండలు ఒక డబ్బాలో పెట్టి, మూతపై చిన్న కాగితపు చీటీ అంటించి నా చేతికిచ్చిరి. "రమ్ము ఉంది. పిల్లలకు పెట్టవద్దు" అని దానిపై ఇంగ్లీషులో వ్రాసియుండెను. వలదనుటకు నోరు రాలేదు. పండుగనాడు పెద్దముత్తైదువవలె చేతబెట్టిన దానిని త్రోసివేయుట మర్యాదగాదనుకొంటిని. మఱియొకటి తినవలెనను కోరికయు లేకపోలేదు. అయితే మా అత్తగారు డెబ్బదియేండ్లు దాటినవారు, నిత్యము దీపారాధన చేయువారు. మద్యము కలసిన పదార్థము ఇంటికి తెచ్చితినని వారితో ఎట్లు చెప్పుదును? మా గడప త్రొక్కకముందే ఆ చీటీని ఊడదీసితిని. ఉండలను మా స్టీలు డబ్బాలోనికి మార్చి, పైఅరలో పెట్టితిని. మా అమ్మాయికి ఎనిమిదేండ్లు. "అవి పెద్దవాళ్ళవి, ముట్టుకోకు" అని దానికి మాత్రము గట్టిగా చెప్పితిని. అంతటితో నా జాగ్రత్త ముగిసినదనుకొంటిని.

సాయంకాలము అత్తగారు ఆ డబ్బాను చూచి, "ఏమిటమ్మా అవి?" అని అడిగిరి. "కోకో లడ్డూలండీ. ఆంటీ దగ్గర నేర్చుకుని చేశాను" అంటిని. ఆ మాటలలో ఒక్కటియు అబద్ధము గాదు. కోకో కలదు, లడ్డువలెనే యుండును, చుట్టినదానను నేనే. అయినను అది అబద్ధమే. అడిగినవారికి కావలసిన మాటను విడిచి తక్కిన మాటలన్నియు చెప్పుటకంటె వేఱొక అబద్ధమెందులకు? అత్తగారు బిస్కత్తులు తినరు గనుక రుచి చూడలేదు. కాని కోడలు క్రొత్త మిఠాయి నేర్చినదని సంతోషించి, "ఎవరైనా వస్తే పెడదాం" అనిరి.

ఇది నేను దాచిన రెండవ మాట. మొదటిది అంతకు చాలకాలము ముందే దాచితిని.

నాకొక తమ్ముడు కలడు. చదువుకొన్నవాడు, మంచివాడు, చేతిలో వ్యాపారమున్నవాడు. ఆఱేడేండ్లు త్రాగుడునకు లోబడి, ఆస్తిని కొంతయు ఆరోగ్యమును మఱికొంతయు పోగొట్టుకొనెను. తుదకు వానంతట వాడే వైద్యుని కడకు పోయి చికిత్స పొంది, ఆనాటికి 14 నెలలుగా ఒక్క చుక్కయైన ముట్టక యుండెను. ఆ చికిత్సలో భాగముగా డైసల్ఫిరాం అను మాత్రను ప్రతి యుదయము వాని భార్య తన చేతితో ఇచ్చుచుండెను. ఈ సంగతులేవియు మా అత్తవారింట తెలియవు. మా అమ్మాయి అక్షరాభ్యాసమునకు వాడు రాలేకపోయినపుడు పచ్చకామెరలని చెప్పితిని. మఱియొకమాఱు వ్యాపారపు తొందరయంటిని. పుట్టింటి గుట్టు అత్తింట చెప్పరాదని మనకు చిన్ననాటనుండి నేర్పిన పాఠమే కదా. నేను దానిని చక్కగా అప్పగించితిని.

26వ తేదీని తమ్ముడు మమ్ము చూడవచ్చెను. నేను కూరల బజారునకు పోయియుంటిని. మావారును ఇంట లేరు. అత్తగారు వానిని ఆదరించి కూర్చుండబెట్టి, మంచినీళ్ళిచ్చి, పైఅరలోని డబ్బా దింపి, "మీ అక్క చేసింది నాయనా, తిను" అని పళ్ళెములో పెట్టిరి. వాడు మూడు తినెను. నేను వచ్చి చూచుసరికి వాని ముఖమును మెడయు ఎఱ్ఱగా కందిపోయి, కన్నులు చింతనిప్పులవలె నుండెను. తల పగిలిపోవుచున్నదనియు, గుండె దడదడలాడుచున్నదనియు చెప్పుచునే వాంతి చేసికొనెను. బల్లమీద తెఱచియున్న స్టీలు డబ్బాను చూచినంతనే నా చేతిలోని సంచి జాఱిపోయినది.

ఆటోలో ఆసుపత్రికి తీసికొనిపోతిమి. మావారు నేరుగా అక్కడికే వచ్చిరి. వైద్యుడు నాడి చూచుచు, "ఏం తిన్నారు? ఏమైనా మందులు వాడుతున్నారా?" అని అడిగెను. అత్తగారు నా ప్రక్కనే నిలిచియుండిరి. "త్రాగుడు మానడానికి డైసల్ఫిరాం వేసుకుంటున్నాడు. నేను చేసిన లడ్డూలలో రమ్ము ఉంది" అని చెప్పితిని. కొన్నేండ్లు దాచిన మాటయు, మూడు దినములు దాచిన మాటయు ఒక్క ఊపిరిలో బయటపడినవి. ఆ రెండు మౌనములు ఒక పళ్ళెములో కలియనిచో ఆ దినమున ఏమియు జరిగియుండదు. అత్తగారికి మొదటి సంగతి తెలిసియుండినను, రెండవది తెలిసియుండినను, వారు ఆ డబ్బా మూత తీసియుండరు.

తమ్ముని రక్తపు పోటు చాల పడిపోయినది. సెలైను ఎక్కించి, తెల్లవారువఱకు కనిపెట్టియుండిరి. దైవానుగ్రహమున అపాయము తప్పినది. ఆ రాత్రి వైద్యుడు నాకు ఓపికతో చెప్పిన సంగతులు మన సోదరీమణులు తెలిసికొనదగినవి. మద్యము మన దేహములో మొదట ఎసిటాల్డిహైడు అను విషపదార్థముగా మాఱును. పిదప అది నిరపాయమైన పదార్థముగా మాఱును. డైసల్ఫిరాం ఈ రెండవ మార్పును అడ్డగించును. అందుచేత లోపల విషము నిలిచిపోయి, వాడు పడిన బాధలన్నియు కలుగును. ఒక్కొక్కప్పుడు ప్రాణము మీదికి వచ్చును. మాత్ర మానిన తరువాతకూడ రెండు వారములవఱకు ఈ ప్రమాదముండవచ్చును.

"ఇంత చిన్న ఉండలలో ఎంత ఉంటుంది?" అని నేను అమాయకముగా అంటిని. ఆసుపత్రి బల్లమీద కూర్చుండి మావారు లెక్క కట్టిరి. మన దేశపు రమ్ములో నూటికి దాదాపు 43 పాళ్ళు మద్యసారము. 100 మిల్లీలీటర్లలో 43 మిల్లీలీటర్లు. 30 ఉండలకు పంచినచో ఒక్కొక్కదానిలో ఇంచుమించు ఒకటిన్నర మిల్లీలీటరు. మూడు ఉండలకు నాలుగు మిల్లీలీటర్లు దాటును. అనగా చిన్న చెంచాకు కొంచెము తక్కువ. రమ్ములో నానిన ద్రాక్షలు వేఱు. ఇతరులకు అది లెక్కలోనిది కాకపోవచ్చును. నా తమ్మునికి అది చాలినది.

వంటలో పోసిన మద్యము వేడికి పూర్తిగా ఎగిరిపోవునని పెక్కుమంది నమ్ముదురు. నేనును నమ్మితిని. మద్యసారము 78 డిగ్రీల సెంటిగ్రేడు వద్ద మరుగునది నిజమే. కాని అమెరికా వ్యవసాయ శాఖవారి పట్టిక ప్రకారము, పిండిలో కలిపి కాల్చిన పదార్థములో 15 నిమిషముల తరువాత నూటికి 40 పాళ్ళును, ఒక గంట తరువాత 25 పాళ్ళును మిగిలియుండును. వేడి తగులక రాత్రంతయు నిలువయుంచిన దానిలో 70 పాళ్ళుండును. ఇక పొయ్యి మొగము చూడని మిఠాయి, అదియు మూత బిగించి దాచినది, తనలో పోసినదానిని ఎక్కడికి పోనిచ్చును? వండని వంటలో మనము వేసినదెల్ల వేసినట్లే తినువాని నోటికి చేరును. చలిమిడిలో బెల్లమెట్లో, ఆ ఉండలలో రమ్మును అట్లే.

ఉదయము తమ్ముడు తేఱుకొన్న పిదప నేను వాని మంచము ప్రక్క కూర్చుండి ఏడ్చితిని. వాడు నన్ను ఒక్క మాటయు అనలేదు. కొంతసేపటికి మెల్లగా ఇట్లనెను: "మొదటిది నోట్లో పెట్టుకోగానే నాకు తెలిసిందక్కా. ఆ వాసన నాకు తెలియదా? ఇందులో ఏముందని అత్తయ్యగారిని అడిగాను. కోకో లడ్డూలు, మీ అక్క చేసిందన్నారు. అక్క నాకు అది పెట్టదు కదా అనుకున్నాను. నా నాలుకే అబద్ధమాడుతోందనుకుని తిన్నాను."

తన నాలుకకంటె వాడు నన్ను నమ్మెను. ఇంతకంటె పెద్ద శిక్ష నాకు ఎవరును వేయలేదు.

మా తండ్రిగారు నాకు ఇంటనే భారత భాగవతములు చెప్పిరి. ఆదిపర్వములోని కచుని కథ ఎన్నిమాఱులు చదివితినో లెక్క లేదు. మృతసంజీవని నేర్వవచ్చిన కచుని రాక్షసులు చంపి, కాల్చి, ఆ బూడిదను మద్యములో కలిపి శుక్రాచార్యుని చేతనే త్రాగించిరి. పిదప ఆయన మద్యపానమును నిషేధించుచు కట్టడి చేసెను. ఆ కథ కేవలము మద్యమును నిందించునదని నేను అనుకొనుచుంటిని. ఆసుపత్రి వసారాలో అది మఱియొక విధముగా కనబడినది. గురువు పాత్ర యెత్తినపుడు అందులో ఏమున్నదో ఆయనకు తెలియదు; కలిపియిచ్చినవారికి తెలియును. శుక్రుని వంచించినది మద్యమొక్కటియే కాదు, ఎఱిగియు చెప్పనివారు. నేను రాక్షసబుద్ధితో కలుపలేదు, సిగ్గుచేత దాచితిని. తినినవానికి ఆ భేదము ఏమి తెలియును?

ధర్మశాస్త్రములలో సురను గౌడి, పైష్టి, మాధ్వి యని మూడు విధములుగా చెప్పిరి. గౌడి బెల్లమునుండి వచ్చునది. పైష్టి పిండినుండి వచ్చునది. పిండియు బెల్లమును కలిపినచో మన చలిమిడి! రమ్ము చెఱకు మడ్డినుండి పుట్టునది గనుక గౌడి కులమునకు చెందినదే. వస్తువులు మనకు క్రొత్తవి గావు. ఏది ఎందులో నున్నదో చెప్పుటయే ముఖ్యము.

ఈ విషయమున విదేశపు సోదరీమణి యొకరిని చూచి నేను నేర్చుకొనవలసియున్నది. అమెరికాలో కెంటకీ రాష్ట్రపు రాజధాని ఫ్రాంక్‌ఫర్టులో 1919లో రూత్ హాన్లీ, రెబెకా గూచ్ అను ఇద్దరు ఉపాధ్యాయినులు బడిపని మాని మిఠాయిల వ్యాపారము పెట్టిరి. తరువాత రూత్ వివాహమాడి, భర్తను పోగొట్టుకొని, కొడుకును పెంచుకొనుచు ఆ వ్యాపారముననే నిలిచెను. ఆ ప్రాంతపు మద్యమునకు బర్బన్ అని పేరు. దానిని చేర్చిన మిఠాయిని కుదుర్చుటకు ఆమె రెండేండ్లు శ్రమపడి 1938లో సాధించెను. దానికి ఆమె పెట్టిన పేరు బర్బన్ బాల్. తినదలచినవారు తినవచ్చును, వలదనుకొన్నవారు మానవచ్చును. ఏమున్నదో పేరే చెప్పును. మా ఆంటీ అంటించిన చీటీయు అట్టిదే. ఊడదీసినదానను నేను.

ఇక మా అత్తగారి మాట చెప్పవలెను. తమ్ముని ఇంటికి తెచ్చిన రాత్రి వారు నన్ను వంటయింటిలోనికి పిలిచిరి. మద్యము తెచ్చితినని కోపింతురనుకొంటిని. తమ్ముని త్రాగుడు దాచితినని నిష్ఠురమాడుదురనుకొంటిని. వారు, "నా చేత్తో పెట్టించావు కదే తల్లీ" అని మాత్రము అని, చాలసేపు ఊరకుండిరి. పిదప, "మా పెద్దన్నయ్య పోయింది గుండెజబ్బుతో కాదు. త్రాగి త్రాగి పోయాడు. మీ మామగారికి కూడా నేను చెప్పలేదు" అనిరి. నాకు నోట మాట రాలేదు.

అత్తగారి పుట్టినిల్లు నెల్లూరు జిల్లా. 1992లో ఆ జిల్లాలోని దూబగుంట గ్రామమున స్త్రీలు అక్షరాస్యతా బడులలో చదువు నేర్చుచు, త్రాగుడు వలన చెడిన కాపురమును గూర్చిన పాఠమును చదివి, అది తమ కథయేయని గుర్తించి, సారా దుకాణమును మూయించిరి. ఆ యుద్యమము ఊరూర ప్రాకి, 1993 అక్టోబరు 1 నుండి రాష్ట్రమున సారా నిషేధింపబడినది. 1995లో సంపూర్ణ మద్యనిషేధము వచ్చి, 1997లో సడలిపోయినది. "ఆ రోజుల్లో పుట్టింటికి వెళితే, ఎవరి ఇంట్లో ఎవరు త్రాగుతున్నారో ఆడవాళ్ళు వీధిలో నిలబడి పైకి చెప్పుకునేవారు. చూసి ఆశ్చర్యపోయాను. నేను మాత్రం నోరు విప్పలేదు" అని అత్తగారు అనిరి. చట్టములు వచ్చును, పోవును. ఆ స్త్రీలు చేసిన మొదటి పని తమ యింట నున్నదానికి పేరు పెట్టి పిలుచుట. ఆ పని చేయుటకు మా యిద్దఱికి ఇంతకాలము పట్టినది.

ఇక మిఠాయి మాట. పిల్లలకు, గర్భిణులకు, పాలిచ్చు తల్లులకు, త్రాగుడు మానినవారికి, మందులు వాడువారికి రమ్ము కలసిన ఉండలు తగవు. అందఱును తినదగినట్లు వానిని చేయు విధము ఆంటీయు నేనును కలిసి కుదిర్చితిమి. రాత్రి 50 గ్రాముల ఎండుద్రాక్షను నాలుగు పెద్ద చెంచాల నారింజ రసములో నానవేయుడు. ఉదయము 250 గ్రాముల మేరీ బిస్కత్తులను మెత్తగా పొడిచేసి, 25 గ్రాముల కోకో పొడి, 50 గ్రాముల చక్కెర పొడి, చిన్న పలుకులుగా చేసిన 100 గ్రాముల అక్రోటు గాని జీడిపప్పు గాని కలుపుడు. గింజ తీసిన 100 గ్రాముల ఖర్జూరమును ముద్దగా నూఱి చేర్చుడు. నానిన ద్రాక్షను, ఆ రసముతోసహా పోసి, నారింజ తొక్కపై పసుపుభాగమును మాత్రము కొంచెము తురిమి వేసి పిసుకుడు. ముద్ద పొడిపొడిగా నున్నచో మఱియొక చెంచా రసము, జాఱుగా నున్నచో గుప్పెడు బిస్కత్తు పొడి చేర్చుడు. ఉండలు చుట్టి ఎండుకొబ్బరి పొడిలో దొర్లించుడు. వీనిని నిలువయుంచుటకు మద్యము తోడులేదు గనుక ఫ్రిజ్జిలో పెట్టి నాలుగు దినములలో ముగింపవలెను. రమ్ము వాసన రావలెనని ఎసెన్సు పోయదలచితిరేని ముందు సీసామీది అక్షరములు చదువుడు. కొన్ని ఎసెన్సులు మద్యసారములోనే కలుపబడును. డైసల్ఫిరాం వాడువారికి అదియు కూడదు. కొన్ని దగ్గు మందుల సంగతియు అంతే.

రమ్ము పోసియే చేయువారిని నేను నిందింపను. మా ఆంటీ ఈ యేడును చేయుదురు. వారి పండుగ వారిది. నేనే పోయి చుట్టిపెట్టుదును. అయితే నేను ఇంటికి తెచ్చునవి నారింజ రసపువి. తమ్ముడు ఇప్పటికి రెండేండ్లుగా మద్యము ముట్టలేదు. వాడు క్రిస్మసు సెలవులకు వచ్చెదనని, ఈసారి ఉండలు తానును చుట్టెదనని వ్రాసినాడు. వాడు ఎందులకు మాత్రలు వేసికొన్నాడో మా యింట ఇప్పుడందఱికి తెలియును. తెలిసినందున వానికి మా యింట గౌరవము తగ్గలేదు; అత్తగారు వానిని ఇంకను ఎక్కువగా ఆదరించుచున్నారు.

మొన్న నాగులచవితినాడు అత్తగారు చలిమిడి చేసి, ఆంటీకి పంపుటకు డబ్బాలో పెట్టిరి. మా అమ్మాయిని పిలిచి, కాగితము తెమ్మని, అందులో ఏమేమి వేసిరో చెప్పి వ్రాయించిరి. "బియ్యప్పిండి, బెల్లం, నెయ్యి, కొబ్బరి, ఏలకులు" అని అది గుండ్రని అక్షరములతో వ్రాసినది. చలిమిడికికూడ చీటీ యేమిటని ఎవరును నవ్వలేదు. నేను అన్నపు మెతుకుతో ఆ చీటీని మూతకు అంటించి, ప్రక్కయింటికి తీసికొనిపోతిని.